పలకని చిట్టికొమ్ము

నిదానం ముందు ఆవిడ చేతులు చూశాడు. మొహం తరవాత చూడొచ్చు. మొహాలు అబద్ధాలాడతాయి, చేతులకి అంత తెలివితేటలు ఉండవని ఆయన నమ్మకం. కుడిచేతి చూపుడువేలి పక్కన సూది పట్టుకుని పట్టుకుని కాయ కాసింది. గోళ్ళ సందుల్లో, అరచేతి గీతల్లో ఎంత కడిగినా పోని తెల్లటి రాతిపొడి. ఏళ్ళ తరబడి రాళ్ళలోంచి ఎముకలు వెలికితీస్తున్న చేతులవి. మ్యూజియంలో చిన్నా పెద్దా అందరూ ఆవిడని రాళ్ళక్క అని పిలుస్తారు. ఇవాళ పొద్దుటి నుంచి మాత్రం చాటున దొంగ అంటున్నారు.

డిటెక్టివ్ గారి అసలు పేరు ఆయన భార్యకైనా గుర్తుందో లేదో. ఏ కేసు ఇచ్చినా “నిదానంగా చూద్దాం” అంటాడు గనక నిదానం అనే పేరు స్థిరపడిపోయింది. గుమ్మానికి అడ్డంగా నిలబడి మాటిమాటికీ గడియారం చూసుకుంటున్న ఇన్‌స్పెక్టర్ స్వయానా ఆయన బావమరిది. మ్యూజియం డైరెక్టర్ పోలీసులకి ఫోన్ చేసిన చేత్తోనే నిదానానికీ చేశాడు. అది ఇన్‌స్పెక్టర్‌కి పుండు మీద కారం చల్లినట్టయింది.

“బావా, భోజనాల వేళకి ఈవిడ స్టేషన్లో ఉండాలి. పైనుంచి ఆర్డరు. ఆలస్యం అమృతం విషం.”

“నిదానమే ప్రధానం బామ్మర్దీ. క్రితంసారి నీ తొందర వల్లే కదూ, దొంగని వదిలేసి ఫిర్యాదు ఇచ్చినాయన్ని లోపలేశావు?”

పక్కనున్న కానిస్టేబుల్ నవ్వు ఆపుకోలేక గోడకేసి తిరిగాడు. ఇన్‌స్పెక్టర్ మొహం మాడిపోయింది. నిదానం అదేమీ పట్టనట్టు స్టూలు లాక్కుని రాళ్ళక్క ఎదురుగా కూర్చున్నాడు.

వాళ్ళ మధ్య బల్ల మీద ప్లాస్టర్‌తో పోసిన గూడు ఉంది. గూట్లో పెద్ద పుచ్చకాయంత పుర్రె. చిలక ముక్కులాంటి మూతి, ముక్కు మీద బొటనవేలంత కొమ్ము, మెడ వెనక విసనకర్రలా విచ్చుకున్న ఎముక. కోట్ల ఏళ్ళ కిందట ఆకులూ అలములూ మేసి బతికిన రాక్షసబల్లి. పేరుకే రాక్షసి, బతికున్నప్పుడు మేకకంటే పెద్దది కాదు. దానికి చిట్టికొమ్ము అని పేరు పెట్టింది కూడా రాళ్ళక్కే. కానీ ఇప్పుడు గూట్లో ఉన్నది చిట్టికొమ్ము కాదు, దాని నకలు. అసలుది ఎక్కడుందో ఎవరికీ తెలియదు.

“మొదట ఎవరు కనిపెట్టారమ్మా?”

“నేనేనండీ. నిన్న సెలవు కదా. మొన్న సాయంత్రం గుడ్డ కప్పి, తాళం వేసి, తాళంచెవి గేటు దగ్గర ఇచ్చి వెళ్ళాను. ఇవాళ వచ్చి గుడ్డ తీసి, సూదితో తట్టాను.”

“తట్టడం ఎందుకు?”

“రోజూ పొద్దున్నే తడతానండీ, ఎక్కడైనా జిగురు వదిలిందేమోనని. రాయి ఒకలా పలుకుతుంది, ఎముక ఒకలా పలుకుతుంది. చిట్టికొమ్ము అయితే చిన్న గంటలా పలుకుతుంది. ఇవాళ...” దగ్గు తెర ఒకటి అడ్డొచ్చింది. చీర కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, తగ్గాక మళ్ళీ అంది. “ఇవాళ పలకలేదండీ.”

నిదానం బల్ల పక్కన వేలాడుతున్న లావుపాటి గొట్టం వైపు చూశాడు. దాని మూతికి సాలెపురుగు గూడు కట్టింది.

“ఇదేంటి?”

“దుమ్ము లాగే గొట్టమండీ. వేస్తే ఒకటే రొద. సూది చప్పుడు వినపడదు. వినపడకపోతే రాయనుకుని ఎముకని గీసేస్తాను. అందుకే వెయ్యను.”

“ఆ మేకుకి ఉన్న మాస్కు మీదేనా? కొత్తదానిలా ఉందే.”

“కళ్ళద్దాలకి ఆవిరి పడుతుందండీ అది పెట్టుకుంటే. మా తమ్ముడు కొనిపెట్టాడు. ఆసుపత్రిలో ఉద్యోగం కదా, వాడికి అన్నీ భయాలే.” ఆ మాట అంటున్నప్పుడు మాత్రం ఆవిడ మొహం కాస్త తేటపడింది.

ఇన్‌స్పెక్టర్‌కి ఓపిక నశించింది. చరచరా లోపలికొచ్చాడు. “గొట్టాలూ మాస్కులూ కాదు బావా. ఇది విను. తాళంచెవి గేటు దగ్గర ఉంటుంది, ఇక్కడి వాళ్ళకి తప్ప ఇవ్వరు. నిన్న బయటివాళ్ళు ఎవరూ రాలేదని గేటు దగ్గర గార్డు చెప్పాడు. ఇంత బాగా అచ్చు తీసి, రంగు వెయ్యడం ఈ బిల్డింగులో ఈవిడకి తప్ప ఎవరికీ రాదు. ఇంకేం కావాలి?”

“మరి ఆవిడే నకలు పెడితే, ఇది నకలు అని ఆవిడే ఎందుకు అరుస్తుంది?”

“గుమ్మడికాయల దొంగంటే భుజాలు తడుముకోవడం విన్లేదా? రేపెప్పుడో ఎవరో కనిపెట్టేలోపు తనే ముందు అరిస్తే అనుమానం రాదని ఎత్తు. మా వాళ్ళు ఈవిడ ఇంటికి సోదాకి వెళ్ళారు. కాసేపట్లో నీకే తెలుస్తుంది.”

రాళ్ళక్క తలెత్తింది. ఆవిడ కళ్ళల్లో కోపం లేదు. బెంగ ఉంది.

“నన్ను తీసుకెళ్తే తీసుకెళ్ళండి బాబూ. కానీ ముందు దాన్ని వెతకండి. ఎత్తడం తెలియనివాళ్ళయితే కొమ్ము పట్టుకుని ఎత్తుతారు. ఆ కొమ్ము మూడు ముక్కలుగా దొరికితే అతికించాను. నాలుగేళ్ళండీ. నా చేతుల్లో పుట్టిన పిల్ల అది.”

దొంగసరుకు గురించి ఇలా మాట్లాడే దొంగని నిదానం తన సర్వీసులో చూడలేదు. ఆయనకి ఆవిడ మీద జాలి వేసింది. జాలి వేసినంత మాత్రాన నిరపరాధి అయిపోదని తనకి తనే చెప్పుకుని, లేచి బల్ల దగ్గరికి వెళ్ళాడు. నకలే కదా అని రెండు చేతులా గూట్లోంచి పైకి తీశాడు. లోపల బొత్తిగా బరువు లేదు. అడుగున ఎలా ఉందో చూద్దామని తిప్పబోయాడు.

“తిప్పకండి!”

రాళ్ళక్క కేకకి కిటికీ అద్దాలు అదిరాయి. కానిస్టేబుల్ లాఠీ జారవిడిచాడు. ఆవిడే నాలిక కరుచుకుంది. “క్షమించండి. అది నకలని మర్చిపోయాను. అలవాటు.”

“ఏం అలవాటమ్మా?”

“ఈ గదిలో పుర్రెని ఎవరూ తిప్పరండీ. పైభాగం శుభ్రం చేయడం అయ్యాక, దానిమీద ఇంకో గూడు పోసి, రెండు గూళ్ళ మధ్యా బిగించి, నలుగురం పట్టుకుని అప్పుడు తిప్పాలి. లేకపోతే దాని బరువుకి అదే విరిగిపోతుంది. పైన పనంతా మొన్ననే అయింది. వచ్చేవారం తిప్పుదాం అనుకున్నాం.”

“అంటే కిందిభాగం ఇంతవరకూ...”

“ఎవరూ చూళ్ళేదండీ. గట్టి రాయి పట్టేసి ఉంది. ఇంకో రెండేళ్ళ పని.”

నిదానం ఆవిడనే చూస్తూ నకలుని నెమ్మదిగా తిరగేశాడు.

రాయి లేదు. అంగిలి ఉంది. రెండు వైపులా బారులు తీరిన పళ్ళున్నాయి. ఆకులు నమిలి నమిలి ఏటవాలుగా అరిగిన చిన్న చిన్న పళ్ళు, ఒక్కొక్కటీ విడివిడిగా, సూదితో శుభ్రం చేసి పెట్టినట్టు ఉన్నాయి.

రాళ్ళక్క పోలీసులున్నారనీ, తన మీద నేరం ఉందనీ మరిచిపోయి దగ్గరికొచ్చింది. కళ్ళద్దాలు పైకి తోసుకుని వంగింది.

“అబ్బ! దీని పళ్ళు ఇలా ఉంటాయా?”

రెండేళ్ళ తరవాత చూడవలసినదాన్ని ముందే చూసినందుకు ఆవిడకి సంతోషపడాలో బాధపడాలో తెలియలేదు. నిదానం మాత్రం బావమరిది వైపు తిరిగాడు.

“బామ్మర్దీ, ఈ నకలుకి అసలుదాని కంటే ఎక్కువ తెలుసు. అచ్చు తీస్తే పైకి కనిపించేదే వస్తుంది. కింద రాయి ఉంటే నకల్లోనూ రాయే రావాలి. రాయి లోపల దాక్కున్న పళ్ళకి ఈవిడ అచ్చు ఎలా తీసిందంటావు?”

ఇన్‌స్పెక్టర్ వంగి పళ్ళకేసి చూశాడు.

“ఇంకోటి చూడు. పళ్ళ సందుల్లో రంగు అంటనిచోట సన్నటి గీతలున్నాయి. ఇది అచ్చులో పోసింది కాదు, మిషను పొర మీద పొర పేర్చి తయారుచేసింది. నా మోకాలి ఆపరేషన్‌కి ముందు డాక్టరు నా మోకాలినే ప్లాస్టిక్‌తో చేయించి నా చేతిలో పెట్టాడు, గుర్తుందా? దానిమీదా ఇవే గీతలు. ముందు స్కాన్ తీస్తారు, ఆ స్కాన్‌ని బట్టి మిషను బొమ్మ చేస్తుంది. రాయి లోపలికి చూడగలిగేది స్కాన్ ఒక్కటే.” ఆయన గొంతు తగ్గించాడు. “అమ్మా, చిట్టికొమ్ముకి ఎప్పుడైనా స్కాన్ తీయించారా?”

తప్పించుకునే దారి చూపించిన మనిషికి దణ్ణం పెట్టవలసింది పోయి, రాళ్ళక్క రెండడుగులు వెనక్కి వేసింది. మొహంలో నెత్తురు చుక్క లేదు.

“తీయించామండీ. పోయిన వానాకాలం.”

“ఎక్కడ?”

ఆవిడకి దగ్గు వచ్చింది. అది నిజం దగ్గో, జవాబు తప్పించుకునే దగ్గో నిదానం తేల్చుకునేలోపు ఇన్‌స్పెక్టర్ ఫోన్ మోగింది. విన్నాడు, “ఎక్కడా?” అన్నాడు, ఇంకాసేపు విన్నాడు. ఫోన్ జేబులో పెట్టుకునేసరికి ఛాతీ రెండంగుళాలు పొంగింది.

“దొరికింది! ఈవిడ ఇంట్లోనే, ఈవిడ మంచం కిందే, దుప్పట్లో చుట్టి ఉంది. తాను పట్టిన కుందేలుకి మూడే కాళ్ళు అంటానని ఎప్పుడూ నన్ను ఎగతాళి చేస్తావు కదా. లెక్కపెట్టుకో బావా, నాలుగూ ఉన్నాయి.”

“విరగలేదు కదా?” అంది రాళ్ళక్క.

“ఏంటి?”

“కొమ్ము బాబూ. కొమ్ము బాగానే ఉందా?”

“బాగానే ఉందట. మెత్తలు వేసి మరీ కట్టారట.”

ఆవిడ గుండెల నిండా ఊపిరి తీసుకోబోయింది. సగంలోనే ఆగిపోయింది. తరవాత చాలా మామూలుగా, పొయ్యి మీద పాలు దింపేశానన్నంత మామూలుగా చెప్పింది.

“నేనే తీశాను. రాసుకోండి. ఇంక ఎవర్నీ ఏమీ అడగొద్దు.”

ఇన్‌స్పెక్టర్ విజయగర్వంతో చూశాడు. నిదానం మాత్రం స్టూలు మీద మళ్ళీ కూర్చున్నాడు. ఆయన కేసులు తేలేది సాధారణంగా ఆ స్టూళ్ళ మీదే.

“సరేనమ్మా. నకలు ఎలా చేశారు?”

“అచ్చు తీశాను.”

“కిందిభాగం?”

“అదీ తీశాను.”

“మరి ఇందాక పళ్ళు చూసి అంత ఆశ్చర్యపోయారేం?”

ఆవిడ కొంగు అంచుని వేలికి చుట్టుకుంది.

“పొద్దుటినుంచీ కాదు కాదన్న మనిషి, మీరు కాదని నేను తేల్చిన మరుక్షణం అవునంటున్నారు. ఎవరికోసం?” అని, జవాబు కోసం ఆగకుండా నిదానం గేటు గార్డుని పిలిపించాడు. గార్డు తలపాగంత టోపీ సర్దుకుంటూ వచ్చాడు.

“నిన్న బయటివాళ్ళు ఎవరూ రాలేదన్నావు. లోపలివాళ్ళు ఎవరొచ్చారు?”

“ఎవరూ లేరు సార్. రాళ్ళక్క తమ్ముడొచ్చాడంతే. అక్క కళ్ళద్దాలు మర్చిపోయిందని చక్రాల పెట్టె లాక్కుంటూ వచ్చి, తాళంచెవి పట్టుకెళ్ళి, కాసేపట్లో తిరిగిచ్చేశాడు.”

“కళ్ళద్దాలకి చక్రాల పెట్టా?” ఇన్‌స్పెక్టర్ అరిచాడు. “మరి నేను అడిగినప్పుడు ఎవరూ రాలేదన్నావే!”

“మీరు బయటివాళ్ళని కదా సార్ అడిగారు? ఆ అబ్బాయి చిన్నప్పుడు బడి అయ్యాక ఈ బల్ల కిందే పడుకునేవాడు. ఈ రంగులూ జిగుర్లూ అక్క దగ్గరే నేర్చుకున్నాడు. వాడు బయటివాడు ఎలా అవుతాడు?”

“ఇంటి దొంగని ఈశ్వరుడైనా పట్టలేడని ఊరికే అన్నారా!” అన్నాడు కానిస్టేబుల్. నిదానం ఒక్క చూపు చూసేసరికి నోరు మూసుకున్నాడు.

రాళ్ళక్క చేతులు జోడించింది. “వాడి జోలికి వెళ్ళకండి. అమ్మ పోయేనాటికి వాడికి ఆరేళ్ళు. నేనే పెంచాను. వాడిది తప్పయితే అది నా పెంపకం తప్పు. నన్ను తీసుకెళ్ళండి.”

ఇన్‌స్పెక్టర్ వెంటనే ఏదో అనబోయి ఆగిపోయాడు. కిటికీలోంచి బయటికి చూస్తూ, ఎవరితోనూ కాదన్నట్టు అన్నాడు. “మా అక్క కూడా ఇంతే బావా. నేను పగలగొట్టిన అద్దానికి తను దెబ్బలు తింది. నాన్న అడిగితే నా మొహం కూడా చూళ్ళేదు.”

ఆ అక్క నిదానం భార్యే. ఆయనకి ఈ సంగతి ఇన్నేళ్ళూ తెలియదు. బావమరిది మీద ఎప్పుడూ లేనంత ప్రేమ కలిగింది గానీ, చెప్పే సమయం లేకపోయింది. వరండాలో ఎవరో పరిగెత్తుకొస్తున్న చప్పుడు.

ఆసుపత్రి కోటు విప్పకుండానే వచ్చాడు తమ్ముడు. సోదా సంగతి పక్కింటివాళ్ళు ఫోన్ చేసి చెప్పారట. చేతిలో పెద్ద గోధుమరంగు కవరు ఉంది. రొప్పుతూనే అన్నాడు.

“అక్కని వదిలెయ్యండి. చేసింది నేను. స్కాన్ తీసిందీ నేనే, మా మిషన్ మీద బొమ్మ చేసిందీ నేనే.”

“నోర్మూసుకోరా!” రాళ్ళక్క గద్దించింది. “వాడికేం తెలియదండీ.”

“ఒక్క పుర్రెకి ఇద్దరు దొంగలా?” ఇన్‌స్పెక్టర్ తల పట్టుకున్నాడు. కానీ గొంతులో పొద్దుటి కరుకుదనం లేదు. “ఎవరికి అమ్ముదామని తీశావయ్యా?”

“అమ్మేవాణ్ణయితే అక్క మంచం కింద ఎందుకు పెడతానండీ?”

“మరెందుకు తీశావు?” నిదానం అడిగాడు.

తమ్ముడు బల్ల మీద వెల్లకిలా ఉన్న నకలుకేసి చూశాడు. “అందులో పనంతా అయిపోయింది కదండీ, కింద కూడా. ఇంక గీకడానికి ఏమీ లేదు. అసలుది కనపడకపోతే అక్క పని ఆగుతుంది అనుకున్నాను. ఎప్పటికైనా తెలిసిపోతుందని నాకూ తెలుసు. కొన్నాళ్ళైనా ఆగుతుందనుకున్నాను. మొదటి తట్టులోనే పట్టేస్తుందనుకోలేదు. అక్క మీదికి పోలీసులొస్తారని అసలు తోచలేదండీ. నేను ఉత్త వెధవని.”

“పని ఎందుకు ఆగాలిరా?” రాళ్ళక్కకి నిజంగానే అర్థం కాలేదు. “నా పని నీకేం అడ్డొచ్చింది?”

తమ్ముడు కవరుని గట్టిగా పట్టుకున్నాడు. నిదానం కళ్ళు సాలెగూడు కట్టిన గొట్టం మీదికి, అక్కడినుంచి మేకుకి వేలాడుతున్న మాస్కు మీదికి వెళ్ళాయి. పొద్దుటినుంచీ తను వింటున్న దగ్గు ఎలాంటిదో ఆయనకి అప్పుడు తెలిసింది. దొంగని పట్టుకున్నప్పుడల్లా కలిగే సంతోషం ఈసారి ఆయనకి కలగలేదు. ఆ కవరు తెరవకుండా ఉంటే బాగుండుననిపించింది.

“చిట్టికొమ్ము స్కానేనా అది? నాకు మొత్తం చూపించనే లేదు నువ్వు,” అంటూ రాళ్ళక్క కవరు లాక్కుంది. తమ్ముడు వద్దనబోయి, అనలేక వదిలేశాడు. ఆవిడ లోపలి ఫిల్ము తీసి కిటికీ వెలుగుకి ఎత్తి పట్టింది. కళ్ళద్దాలు సర్దుకుంది. పని దగ్గర ఆవిడ మనిషే వేరు. మొహంలోంచి పోలీసులూ నేరమూ అన్నీ జారిపోయాయి.

“ఇది చిట్టికొమ్ముది కాదురా. పక్కటెముకలు ఉన్నాయి. మనిషి ఛాతీ.”

ఆవిడ ఫిల్ముని వెలుగుకి ఇంకాస్త దగ్గరగా జరిపింది.

“ఈ తెల్లగా ఉన్నదంతా రాయి. ఇదిగో, ఇక్కడా, పైనంతా. చుక్కలు చుక్కలుగా ఎంత పట్టేసిందో చూడు.” కాయ కాసిన వేలితో ఫిల్ముని తడుముతూ పోయింది. “గడ్డగా ఉంటే సూదితో ఊడదీయొచ్చు. ఇంత సన్నగా లోపలికంటా దిగిపోతే తీయలేం. పాపం, ఎవరిదిరా ఇది?”

ఇన్‌స్పెక్టర్ టోపీ తీసి చేత్తో పట్టుకున్నాడు.

“ఎవరిదిరా అంటే మాట్లాడవేం?”

“ఆ రోజు చిట్టికొమ్ముని స్కాన్ మిషన్ మీంచి దింపాక,” అన్నాడు తమ్ముడు, “నువ్వూ ఒకసారి పడుకో అక్కా, ఆ దగ్గేంటో చూద్దాం అన్నాను. నువ్వు నవ్వుతూ పడుకున్నావు. డాక్టరుగారు చూసి, ఇంక ఒక్క రోజు కూడా ఆ దుమ్ములో కూర్చోనివ్వద్దన్నారు. చెబుదామని ఎన్నిసార్లు వచ్చానో. వచ్చినప్పుడల్లా చిట్టికొమ్ము పని అయ్యేదాకా నన్నేమీ కదపకు అన్నావు. ఇంకెలా కదపాలో నాకు తెలియలేదక్కా.”

రాళ్ళక్క ఫిల్ముని దించలేదు. ఇంకోసారి మొత్తం చూసింది, ఈసారి ఇంకా నెమ్మదిగా. తరవాత బల్ల మీది పళ్ళ వరస వైపు చూసి, తమ్ముణ్ణి బతిమాలుతున్నట్టు అంది.

“ఇంకా కిందంతా ఉండిపోయింది కదరా.”

అంతలో దగ్గు వచ్చింది. కొంగు అడ్డం పెట్టుకుంది. తగ్గుతుందని అందరూ చూశారు, తగ్గలేదు. ఆవిడ బల్ల అంచు పట్టుకుంది. ఫిల్ము చేతిలోంచి జారింది. తమ్ముడు పడకుండా పట్టుకునేసరికి ఆవిడ పెదాలు నీలంగా తిరిగాయి. గాలి కోసం నోరు తెరుస్తోంది, గాలి అందడం లేదు.

నిదానం స్టూలు తన్నేసి లేచాడు. ఆవిణ్ణి రెండోవైపు నుంచి భుజాల కింద పట్టుకుని ఎత్తాడు.

“జీపు తియ్యి బామ్మర్దీ! తొందరగా!”

బావ నోట ఆ మాట వినడం ఇన్‌స్పెక్టర్‌కి అదే మొదటిసారి. తాళంచెవులు అప్పటికే ఆయన చేతిలో ఉన్నాయి.